పైకోర్టులో కేసుంటే పొయ్యిలో పిల్లి పడుకోవాలా?

ఇబ్రహీంపట్నం చుట్టుపక్కల మండలాల్లో స్త్రీల కేసులు పట్టుకుని తిరిగే మాలాంటి కార్యకర్తల దగ్గరికి రెండు రకాల ఆడవాళ్ళు వస్తుంటారు. మొగుడు వదిలేశాడు, కోర్టుకెలా పోవాలో చెప్పమని అడిగేవాళ్ళు ఒక రకం. కోర్టుకు పోయి, ఏళ్ళ తరబడి తిరిగి, మనోవర్తి ఆర్డరు చేత పట్టుకుని వచ్చేవాళ్ళు రెండో రకం. ఈ రెండో రకం వాళ్ళ సంఖ్య పెరుగుతోంది. ఆర్డరు మీద జడ్జి సంతకం ఉంటుంది, కోర్టు ముద్ర ఉంటుంది, నెలకు ఇంత ఇవ్వాలని అంకెల్లోనూ అక్షరాల్లోనూ ఉంటుంది. పైసలు మాత్రం ఉండవు. ఎందుకు రాలేదని అడిగితే యాచారం నుంచి వచ్చినామె అయినా, మంచాల నుంచి వచ్చినామె అయినా ఒకటే చెబుతుంది.

"మా ఆయన పైకోర్టుకు పోయిండంట అక్కా. అక్కడ తేలేదాకా ఇయ్యడంట."

ఈ మాట చట్టం ప్రకారం అబద్ధం. పైకోర్టులో కేసు వేసినంత మాత్రాన కింది కోర్టు ఆర్డరు ఆగిపోదు. అయినా ఈ అబద్ధం మా ప్రాంతంలో చట్టం కంటే బలంగా చలామణీ అవుతోంది. మొగుడు చెబుతాడు, మొగుడి తరఫు పెద్దమనుషులు చెబుతారు, చివరికి ఆమె తల్లిగారింటివాళ్ళు కూడా అదే నిజమని నమ్మి, "ఇగ ఊకో బిడ్డా" అంటారు. ఆమె ఊరుకున్న ప్రతి నెలా మొగుడికి లాభం. ఈ అబద్ధం ఇంత ధైర్యంగా తిరగడానికి చట్టంలోనే ఒక సందు ఉంది. ఆ సందు మూయించాలన్నదే ఈ వ్యాసంలో నా వాదన. అది మూసేదాకా మనం చేతులు కట్టుకు కూర్చోనక్కరలేదన్నది రెండో మాట.

చట్టం నిజంగా ఏం చెబుతోంది?

మనోవర్తికి మన స్త్రీలు ఎక్కువగా వాడుకున్నది 1973 నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లోని 125వ సెక్షన్. 2024 జులై 1 నుంచి ఆ కోడ్ స్థానంలో భారతీయ నాగరిక్ సురక్షా సంహిత వచ్చింది. అందులో అదే హక్కు 144వ సెక్షన్‌గా ఉంది. నంబరు మారింది తప్ప ఆకలి మారలేదు, హక్కూ మారలేదు.

ఈ సెక్షన్ కింద ఫ్యామిలీ కోర్టు ఇచ్చిన ఆర్డరు మీద అప్పీలు లేదు. 1984 నాటి ఫ్యామిలీ కోర్టుల చట్టం 19వ సెక్షన్ ఆ సంగతి స్పష్టంగా చెబుతోంది. ఉన్నది రివిజన్ ఒక్కటే. అంటే కింది కోర్టు ఇచ్చిన ఆర్డరు సక్రమంగా, చట్టబద్ధంగా, సమంజసంగా ఉందా లేదా అని హైకోర్టు రికార్డు తెప్పించుకుని చూడటం. ఫ్యామిలీ కోర్టు పరిధిలో లేని ఊళ్ళలో మేజిస్ట్రేట్ ఆర్డరు ఇస్తే రివిజన్‌కు సెషన్స్ కోర్టుకు పోవచ్చు. అందుకే ఎవరైనా ఆర్డరు పట్టుకొస్తే ముందు దాని నెత్తి మీద ఏ కోర్టు పేరుందో చూడండి. ఎటు ఎక్కాలో అది చెబుతుంది.

అప్పీలు వద్దని చట్టం ఎందుకంది? తిండి ఖర్చుల ఆర్డరు త్వరగా తేలాలని, మళ్ళీ మొదటి నుంచి సాక్ష్యాలు తవ్వుకుంటూ కూర్చోకూడదని. విశాఖపట్నానికి చెందిన ఒక స్త్రీ కేసులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు రివిజన్‌లో ఆమె మనోవర్తి ఆర్డరును కొట్టేస్తే, 2011లో సుప్రీంకోర్టు దాన్ని మళ్ళీ నిలబెట్టింది. కింది కోర్టు సాక్ష్యం చూసి తేల్చిన విషయాన్ని రివిజన్ కోర్టు మళ్ళీ తూకం వేసి తారుమారు చేయకూడదని అప్పుడు చెప్పింది. సూత్రం బాగానే ఉంది. కానీ చట్టం తలుపు మూసి కిటికీ తెరిచింది. డబ్బున్న మగవాళ్ళు ఆ కిటికీనే సింహద్వారంలా వాడుకుంటున్నారు.

ఇక స్టే సంగతి. రివిజన్ వేయడం వేరు, స్టే రావడం వేరు. ఆర్డరు అమలును ఆపాలంటే పైకోర్టు ఆ మేరకు విడిగా ఉత్తర్వు ఇవ్వాలి. ఆ ఉత్తర్వు కాగితం మీద ఉండాలి. చాలాసార్లు సగం బాకీ కట్టు, నెలనెలా ఇంత కట్టు అనే షరతుతోనే ఇస్తారు. షరతు తప్పితే స్టే నిలవదు. స్టే కాగితం లేకపోతే ఆర్డరు నిన్న ఎంత బతికి ఉందో ఈ రోజూ అంతే బతికి ఉంది.

మరి ఊరుకుంటే ఏమవుతుంది? ఇక్కడే అసలు దెబ్బ. బాకీ పడిన మనోవర్తిని వారెంటు ద్వారా రాబట్టాలంటే అది బాకీ పడిన తేదీ నుంచి ఏడాది లోపల దరఖాస్తు చేసుకోవాలి. పాత సెక్షన్‌లోనూ ఈ షరతు ఉంది, కొత్తదానిలోనూ ఉంది. పైకోర్టులో ఏదో తేలుతుందని ఆమె నోరు మూసుకుని కూర్చున్న కాలంలో, వెనకనుంచి ఒక్కొక్క నెలా గడువు దాటి జారిపోతూ ఉంటుంది.

మాకు తెలిసిన ఒకామె సంగతి చెబుతాను. భర్తకు సాగర్ రోడ్డు పక్కన వెంచరు వాళ్ళకు అమ్మిన భూమిలో వాటా వచ్చింది. కోర్టులో మాత్రం రోజు కూలీనని చెప్పుకున్నాడు. కోర్టు నమ్మలేదు. ఆమెకూ, బిడ్డకూ కలిపి నెలకు రూ.8,000 ఇమ్మంది. గడువు దగ్గర పడుతుండగా అతను రివిజన్ వేశాడు. నోటీసు ఆమె చేతికొచ్చింది. చదివి పెట్టినవాళ్ళు "ఆర్డరు ఆగిపోయింది" అన్నారు. ఆమె 16 నెలలు ఆగింది. ఆ 16 నెలలూ మిషన్ కుట్టి బిడ్డను సాకింది. మా దగ్గరికి వచ్చాక కేసు నంబరు పట్టుకుని చూస్తే పైకోర్టులో స్టే ఏనాడూ ఇవ్వలేదు. అమలు పిటిషన్ అప్పుడు వేయించాం. ఏడాది దాటిపోయిన నాలుగు నెలల డబ్బు, 32 వేల రూపాయలు, వారెంటు దారిలో రాకుండా పోయింది. ఏ జడ్జీ ఆ డబ్బు ఇవ్వొద్దనలేదు. ఏ చట్టమూ ఆమె హక్కు కాదనలేదు. ఒక్క పుకారు ఆ 32 వేలు మింగేసింది.

గెలుపుకు పట్టే కాలం

ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికి పోయి ఏడ్చాడని సామెత. మనోవర్తి కేసుల్లో గెలిచినది ఇంటికి పోయి ఏడవడానికి కూడా తీరిక ఉండదు, కూలికి పోవాలి.

హైదరాబాద్‌కు చెందిన ఒక కేసు చూడండి. ఒక స్త్రీ మొదటి పెళ్ళి 2005లో రాతపూర్వక ఒప్పందంతో ముగిసింది, కోర్టు డిక్రీ లేదు. ఆ సంగతి తెలిసే రెండో అతను ఆమెను పెళ్ళాడాడు. తర్వాత తానే ఆ పెళ్ళి చెల్లదని రద్దు చేయించి, మళ్ళీ ఆమెనే పెళ్ళి చేసుకున్నాడు. ఒక పాప పుట్టింది. గొడవలొచ్చాయి. ఫ్యామిలీ కోర్టు 2012లో ఆమెకు నెలకు రూ.3,500, పాపకు రూ.5,000 ఇమ్మంది. అతను హైదరాబాద్‌లోని హైకోర్టుకు ఎక్కాడు. మొదటి పెళ్ళి చట్టప్రకారం రద్దు కాలేదు కనుక ఆమె భార్యే కాదని 2017లో హైకోర్టు ఆమె మనోవర్తిని తీసేసింది. ఆమె సుప్రీంకోర్టుకు పోయింది. 2025 జనవరి 30న జస్టిస్ బి.వి.నాగరత్న, జస్టిస్ సతీశ్ చంద్ర శర్మల ధర్మాసనం ఆ డబ్బును మళ్ళీ నిలబెట్టింది. అన్నీ తెలిసి పెళ్ళి చేసుకున్నవాడు, ఆ పెళ్ళిలోని సుఖమంతా అనుభవించినవాడు, బాధ్యత దగ్గరికి వచ్చేసరికి పెళ్ళి చెల్లదంటే కుదరదని ఆ తీర్పు సారాంశం.

మంచి తీర్పు. మనందరం చదవవలసిన తీర్పు. కానీ లెక్క చూడండి. నెలకు మూడు వేల అయిదు వందలంటే రోజుకు నూట పదిహేడు రూపాయల లోపు. ఆ నూట పదిహేడు రూపాయలు తనవేనని తేలడానికి మొదటి ఆర్డరు తర్వాత పన్నెండేళ్ళు దాటింది. ఆర్డరు నాటికి నాలుగేళ్ళ పాప ఆఖరి తీర్పు నాటికి కాలేజీ గుమ్మంలో ఉంటుంది.

ఇంకొకటి, అదీ తెలంగాణదే. విడాకులు పొందిన ఒక ముస్లిం స్త్రీకి ఫ్యామిలీ కోర్టు నెలకు రూ.20,000 తాత్కాలిక మనోవర్తి ఇచ్చింది. భర్త హైకోర్టుకు పోతే 2023 డిసెంబరులో అది పది వేలకు తగ్గింది. సగానికి సగం తగ్గినా అతనికి చాలలేదు. విడాకులైన ముస్లిం స్త్రీకి 125వ సెక్షన్ వర్తించదని, 1986 నాటి ప్రత్యేక చట్టం కిందే అడగాలని సుప్రీంకోర్టు దాకా వెళ్ళాడు. 2024 జులై 10న జస్టిస్ నాగరత్న, జస్టిస్ అగస్టీన్ జార్జ్ మసీహ్ అతని అప్పీలును కొట్టేశారు. ఈ సెక్షన్ మతంతో నిమిత్తం లేకుండా స్త్రీలందరిదీ అన్నారు. ముస్లిం స్త్రీలతో పనిచేసే మిత్రులు ఈ తీర్పును ఇంటింటికీ తీసుకుపోవాలి. అయితే ఒకటి గుర్తు పెట్టుకోవాలి. ఇంత పోరాటమూ తాత్కాలిక మనోవర్తి మీదే. 

ఈ ఇద్దరూ సుప్రీంకోర్టు దాకా నిలబడగలిగారు కనుక మనకు తెలిశారు. మధ్యలో దిగిపోయినవాళ్ళ తీర్పులు ఏ పుస్తకంలోనూ అచ్చు కావు.

ఈ మెట్లు ఎవరి కోసం?

చట్టం ముందు ఇద్దరూ సమానమేనంటారు. రివిజన్ హక్కు భర్తకూ ఉంది, భార్యకూ ఉంది. నిజమే. ఇబ్రహీంపట్నం నుంచి మూసీ ఒడ్డున ఉన్న హైకోర్టుకు ముప్పై కిలోమీటర్లకు పైగా దూరం. 2023 డిసెంబరు నుంచి ఆడవాళ్ళకు బస్సు ఉచితమైంది. వకీలు ఉచితం కాలేదు. ఒక వాయిదాకు పోతే ఆ రోజు కూలి పోతుంది. బిడ్డను ఎవరి దగ్గర వదలాలో తెలియదు. సర్టిఫైడ్ కాపీలకు, టైపుకు, జిరాక్సులకు డబ్బు కావాలి. హైకోర్టులో వకీలు మాట్లాడే భాష ఆమెకు తెలియదు. తన కేసులో ఆ రోజు ఏం జరిగిందో తనకే ఇంకొకరు చెప్పాలి.

భర్త ఖర్చు వేరు లెక్క. ఒకసారి వకీలుకు ఫీజు కట్టి రివిజన్ వేస్తే, ఆ తర్వాత ఆగిన ప్రతి నెల మనోవర్తీ అతని జేబులో మిగులుతుంది. నెలకు ఎనిమిది వేలు ఎగ్గొట్టినవాడికి ఏడాదికి 96 వేలు మిగులుతాయి. వకీలు ఫీజు అందులోంచే వస్తుంది. అంటే ఆమెకు పెట్టవలసిన తిండి డబ్బుతోనే ఆమె మీద పైకోర్టులో కేసు నడుస్తోంది. ఇంతకన్నా లాభసాటి బేరం ఏ వెంచరులోనూ ఉండదు.

తల్లికి ఒక చట్టం, భార్యకు ఒక చట్టమా?

ఇక్కడ కొందరు న్యాయంగానే ఒక ప్రశ్న వేస్తారు. కింది కోర్టు కూడా తప్పు చేయవచ్చు కదా? జీతం కంటే ఎక్కువ వేయవచ్చు, ఉద్యోగం చేసుకుంటున్న భార్యకు ఇవ్వవచ్చు. మగవాడికి పైకోర్టుకు పోయే హక్కు లేదంటారా? చివరికి అతనే గెలిస్తే అప్పటిదాకా కట్టింది ఎవరు తిరిగిస్తారు?

పైకోర్టుకు పోయే హక్కు ఎవరికీ తీసేయమని నేననడం లేదు. ఆ హక్కు మనకూ కావాలి. నేను అడుగుతున్నది ఒక్కటే. పైకోర్టులో వాదన జరిగేటంతకాలం ఆ ఇంట్లో ఎవరు తినాలి, ఎవరు పస్తుండాలి అన్నది చట్టం ముందే చెప్పాలి. ఎవరో ఒకరు నష్టానికి సిద్ధపడక తప్పనప్పుడు, ఆ బరువు సంపాదన ఉన్నవాడి మీద పెడతారా, పొయ్యి వెలగని ఆమె మీద పెడతారా? అతను ఎక్కువ కట్టినట్టు తేలితే ముందు ముందు ఇవ్వవలసిన దాంట్లో సర్దుబాటు చేయవచ్చు. ఆమె బిడ్డ పస్తున్న నెలను ఎవరూ సర్దుబాటు చేయలేరు.

ఇది నేను కొత్తగా కనిపెట్టిన సూత్రం కాదు. మన చట్టాల్లోనే ఉంది. తల్లిదండ్రుల, వృద్ధుల పోషణ కోసం 2007లో చేసిన చట్టం తీసి చూడండి. పదహారో సెక్షన్‌లో, మనోవర్తి ఆర్డరు మీద అప్పీలు నడుస్తున్నా పిల్లలు ఆ తల్లిదండ్రులకు డబ్బు ఇస్తూనే ఉండాలని రాసి ఉంది. ఎవరి దయకూ వదలలేదు, చట్టంలోనే పెట్టారు. ఆ చట్టం కింద తల్లి తన కొడుకు మీద ఫిర్యాదు చేయాలంటే ఇబ్రహీంపట్నం ఆర్డీవో దగ్గరికి పోతుంది. అప్పీలు కలెక్టర్ దగ్గర. రంగారెడ్డి కలెక్టరేట్ 2022 నుంచి మన మండలంలోని కొంగర కలాన్‌లోనే ఉంది. కింది మెట్టు, పై మెట్టు రెండూ ఒకే మండలంలో ఉన్నాయి, అప్పీలు నడిచినా డబ్బు ఆగదు. అదే స్త్రీ భార్యగా అడిగితే పై మెట్టు మూసీ ఒడ్డున ఉంది, డబ్బు ఆగుతుందో లేదో ఆమె అదృష్టం. తల్లిగా ఉన్నప్పుడు ఆమె ఆకలి చట్టానికి కనిపించింది. భార్యగా ఉన్నప్పుడు ఎందుకు కనిపించదు? తల్లి పవిత్రం, మొగుడిని కోర్టుకు ఈడ్చిన భార్య గయ్యాళి అనే పితృస్వామ్య భావజాలం చట్టం రాసేవాళ్ళ కలంలోకి కూడా దిగిందని అనుకోక తప్పదు.

మిగతా చట్టాలూ చూడండి. పనిలో చనిపోయిన కార్మికుడి కుటుంబానికి ఇవ్వవలసిన పరిహారం మీద యజమాని అప్పీలుకు పోవాలంటే ముందు ఆ మొత్తం జమ చేయాలి. రోడ్డు ప్రమాద పరిహారం మీద అప్పీలుకు పోవాలంటే రూ.25,000 గానీ, పరిహారంలో సగం గానీ, ఏది తక్కువైతే అది కట్టాలి. చెక్కు చెల్లని కేసులో శిక్ష పడినవాడు అప్పీలు చేస్తే కనీసం 20 శాతం కట్టమనే అధికారం 2018 నుంచి కోర్టుకుంది. వ్యాపారి చెక్కుకు ఉన్న రక్షణ భార్యాబిడ్డల తిండి ఆర్డరుకు లేదు. హైకోర్టులు షరతులు పెడుతూనే ఉన్నాయి కదా అంటారు. పెడుతున్నాయి, కొన్నిసార్లు. కొన్నిసార్లు అనేది హక్కు కాదు.

కనుక మన డిమాండు ఒక్క వాక్యం. 2007 చట్టంలో తల్లిదండ్రులకు రాసిన ఆ ఒక్క వాక్యాన్ని భార్యాబిడ్డలకూ రాయాలి. పైకోర్టులో కేసు నడుస్తున్నా ఆర్డరు ప్రకారం డబ్బు ఇస్తూనే ఉండాలని, బాకీ కట్టిన రుజువు లేకుండా భర్త రివిజన్ విచారణకు తీసుకోకూడదని 144వ సెక్షన్‌లోనూ, ఫ్యామిలీ కోర్టుల చట్టంలోనూ చేర్చాలి. ఢిల్లీ కదిలేదాకా ఆగనక్కరలేదు కూడా. ఒకప్పుడు మనోవర్తి నెలకు రూ.500 మించరాదని కోడ్‌లో ఉండేది. ఆ పరిమితిని కేంద్రం 2001లో తీసేసింది. అంతకుముందే పశ్చిమ బెంగాల్, మహారాష్ట్ర వంటి రాష్ట్రాలు తమ సవరణలతో దాన్ని పెంచుకున్నాయి. రాష్ట్రపతి ఆమోదంతో తెలంగాణ శాసనసభా ఈ సవరణ చేయవచ్చు. మన ఎమ్మెల్యేలు ఓట్లకు వచ్చినప్పుడు కల్యాణలక్ష్మి గురించి చెబుతారు. పెళ్ళికి డబ్బిచ్చిన ప్రభుత్వం, ఆ పెళ్ళి విరిగినప్పుడు కోర్టు ఇమ్మన్న డబ్బు ఇప్పించడానికి ఏం చేస్తుందో అడగాలి.

చట్టం మారేదాకా

1980లలో ఇదే ఇబ్రహీంపట్నం తాలూకాలో వ్యవసాయ కూలీ సంఘం వెట్టి నుంచి విడుదల కోసం, కనీస కూలి కోసం, భూమి కోసం పోరాడింది. చట్టం కాగితం మీద ఉంటే చాలదని, దాని వెనక మనుషులు నిలబడితేనే అది పొలంలోకి దిగుతుందని ఇక్కడి కూలి స్త్రీలకు ఎవరూ పాఠం చెప్పనక్కరలేదు. మనోవర్తి ఆర్డరు కూడా అంతే.

మొదటి పని. "పైకోర్టుకు పోయిండు" అని ఎవరు చెప్పినా "స్టే కాగితం చూపించు" అనండి. కేసు నంబరుంటే హైకోర్టు వెబ్‌సైటులో ఏ రోజు ఏ ఉత్తర్వు వచ్చిందో ఫోనులోనే చూడవచ్చు. స్టే లేకపోతే ఆ వారంలోనే అమలు పిటిషన్ వేయించండి. ఏడాది గడువును డైరీలో రాసుకోండి. కట్టని ఒక్కో నెలకూ నెల దాకా జైలు వేసే అధికారం కోర్టుకుంది. జైలుకు పోయివచ్చినా బాకీ తీరదని సుప్రీంకోర్టు ఎన్నడో చెప్పింది. స్టే ఉంటే షరతు చదవండి. షరతు తప్పితే ఆ సంగతి అదే కోర్టుకు చెప్పించండి.

రెండో పని. పైకోర్టు మగవాడి సొత్తు అనుకోవడం మానాలి. షాబానో కేసంటే 1985 నాటి సుప్రీంకోర్టు తీర్పే అందరికీ గుర్తు. కింది మేజిస్ట్రేట్ 1979లో ఆమెకు ఇచ్చింది నెలకు పాతిక రూపాయలు. అరవై దాటిన ఆ ముసలామె పాతిక చాలదని తానే మధ్యప్రదేశ్ హైకోర్టుకు రివిజన్‌కు పోయింది. 1980లో అది రూ.179.20 అయింది. సుప్రీంకోర్టు నిలబెట్టింది ఆ రివిజన్‌లో ఆమె గెలుచుకున్న డబ్బునే. మన స్త్రీలకు వేయి, రెండు వేలు వేసిన ఆర్డర్లు వచ్చినప్పుడు "ఎంతో కొంత వచ్చిందిలే" అని సరిపెట్టే అలవాటు పోవాలి. రివిజన్‌కు 90 రోజుల గడువుంది. ఆర్డరు వచ్చిన వారంలోనే సర్టిఫైడ్ కాపీకి పెట్టించండి. ఆర్డరు అప్పటికి సరిపోయినా, తర్వాత ధరలు పెరిగి అతని సంపాదన పెరిగితే, పైకోర్టు అక్కరలేదు. పాత 127, ఇప్పటి 146వ సెక్షన్ కింద అదే కోర్టులో పెంచమని అడగవచ్చు.

మూడో పని, రుజువులు. 2020 నవంబరు 4న రజనేష్, నేహా కేసులో జస్టిస్ ఇందూ మల్హోత్రా, జస్టిస్ ఆర్.సుభాష్ రెడ్డి ఇచ్చిన తీర్పు ప్రకారం ఇద్దరూ తమ ఆస్తులు, ఆదాయం, అప్పులు ప్రమాణ పత్రంలో చెప్పాలి. మనోవర్తి దరఖాస్తు పెట్టిన తేదీ నుంచే లెక్క కట్టాలి. ఆర్డరులో తేదీ తర్వాతిది వేస్తే, అదొక్కటే రివిజన్‌కు చాలినంత కారణం. మా ప్రాంతంలో కూలీనని ప్రమాణం చేసేవాడి పేరు మీద ఎకరాలుంటాయి, ప్లాట్లుంటాయి. పట్టాదారు పాసుబుక్కు వివరాలు, సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో దొరికే ఈసీ కింది కోర్టులోనే దాఖలు చేయించాలి. రికార్డులో ఉన్నదాన్నే పైకోర్టు చూస్తుంది. కింద పెట్టని కాగితం పైన పెట్టడం చాలా కష్టం.

నాలుగో పని అన్నిటికన్నా కష్టమైనది, ఎందుకంటే అది మన సంఘాలతోనే పోట్లాట. పైకోర్టు పేరు వినగానే కొందరు కార్యకర్తలు రాజీకి తొందరపడతారు. "ఎన్నేళ్ళు తిరుగుతావమ్మా, ఒకేసారి ఇంత తీసుకో" అంటారు. ఆమె నిజంగా కోరుకుంటే రాజీ తప్పు కాదు. కానీ ఆ కాగితం మీద వేలిముద్ర వేసేముందు ఆమెకు ఒక మాట చెప్పాలి. ఇద్దరి సమ్మతితో వచ్చిన ఆర్డరు మీద ఫ్యామిలీ కోర్టుల చట్టం అప్పీలు ఇవ్వదు. లోక్ అదాలత్ అవార్డు మీదా అప్పీలు లేదు. భర్తకు పైకోర్టు తలుపు తెరిచి ఉండగానే ఆమె తలుపు మనమే మూస్తున్నాం. రాజీ అంటే ఆమె అడిగింది అతను ఒప్పుకోవడమా, అతను ఇచ్చింది ఆమె తీసుకోవడమా, ప్రతిసారీ మనల్ని మనం అడుక్కోవాలి.

వకీలు లేడని వెనక్కి పోనక్కరలేదు. 1987 నాటి న్యాయసేవల చట్టం కింద ఆదాయంతో నిమిత్తం లేకుండా ప్రతి స్త్రీకీ ఉచిత న్యాయ సహాయం హక్కు. అది మండల కోర్టుకే పరిమితం కాదు. హైకోర్టులో భర్త వేసిన రివిజన్‌ను ఎదుర్కోవడానికీ, తాను రివిజన్ వేయడానికీ హైకోర్టు న్యాయసేవల కమిటీ వకీలును ఇవ్వాలి. 15100 నంబరుకు ఫోను చేసి అడగవచ్చు. ఇచ్చిన వకీలు పని చేయకపోతే మార్చమని అడగడమూ హక్కే. వాయిదాకు ఆమెను ఒంటరిగా పంపకండి. ఇద్దరు తోడు పోతే ఆ రోజు కోర్టులో ఏం జరిగిందో ముగ్గురికి తెలుస్తుంది.

ఏ కోర్టూ ఆకలిని వాయిదా వేయలేదు. వాయిదా పడేది కేసు, దాంతోపాటు ఆమె బతుకు. ఈ రెంటినీ విడదీయమనే మనం అడుగుతున్నాం. కేసు ఎన్నాళ్ళైనా నడవనీ, అన్నం మాత్రం ఆగకూడదు. తల్లికి ఇచ్చిన ఆ ఒక్క వాక్యం భార్యకూ రాసేదాకా ప్రతి మండలంలో సంతకాలు సేకరిద్దాం, ప్రతి శాసనసభ్యుడి ముందూ పెడదాం. ఈలోగా మీ ఊళ్ళో ఎవరైనా "పైకోర్టుల కేసున్నది, పైసలు రావు" అంటే నమ్మకండి. ఆమె దగ్గరున్న ఆర్డరు తీయించి, తేదీ చూసి, మర్నాడే ఆమెను వెంటబెట్టుకుని కోర్టుకు బయలుదేరండి.